పోదనపురమున మొదలైన వేఁట

బోధన పట్టణమును గూర్చి ప్రసంగము వచ్చినప్పుడు ఆ ప్రాంతపు జనులు మొట్టమొదటఁ జెప్పునది బకాసురుని కథ. లక్కయింటినుండి వెడలిన పాండవులు బ్రాహ్మణవేషములతో నివసించిన ఏకచక్రపుర మిదియే యనియు, ఊరివారిచే వంతు చొప్పున నొక మనుష్యుని, బండెఁ డన్నమును, రెండు దున్నపోతులను దెప్పించుకొని తినుచుండిన బకుని భీముఁ డిచ్చటనే చంపెననియు వారి విశ్వాసము. కర్ణాటకమునఁ గైవారమువారును, బీహారమున ఆరా ప్రాంతమువారును ఇదే కథను దమ యూళ్లకుఁ జెప్పుకొందురు. ఒక్కమాఱు చచ్చిన రాక్షసునికి ఇన్ని యూళ్లవారు వధ్యస్థానములు చూపుట వింతగాఁ దోఁపవచ్చునుగాని, గ్రామములకుఁ బురాణములతో బంధుత్వము కలుపుకొను అలవాటు మన దేశమున సర్వసామాన్యమే.

అయినను బకుఁడు వేఁటకాఁడు కాఁడు. వాఁడు కూర్చున్నచోటికే ఆహారము నడచి వచ్చుచుండెను. ఒకరోజు బండి యాలస్యమైనందుకే కోపించిన సోమరి వాఁడు. వానికంటెఁ జిత్రమైన మఱియొక హింసకుని కథ యీ యూరి ప్రాచీననామముతోనే పెనవేసికొని యున్నది. ఆ హింసకుఁ డొక్క ప్రాణినే జన్మజన్మములందు వెంటాడెను. రూపమును, దేశమును, లోకమును మార్చుకొనుచు, కోట్లకొలఁది సంవత్సరముల యెడములను దాఁటి వచ్చి చంపెను. వాని పేరు కమఠుఁడు. వాని వేఁట మొదలైన యూరు పోదనపురము.

నిజామాబాదునకు, అనఁగా పూర్వపు ఇందూరునకు, పడమట నున్న బోధనము ఇరువదవ శతాబ్దమునఁ జెఱకుసీమగాఁ బ్రసిద్ధి కెక్కినది. మంజీరపై 1923 మొదలు 1931 వఱకు నిర్మింపఁబడిన నిజాంసాగరపుఁ గాలువలు పాఱుటచేఁ జెఱకు పెరిఁగెను. 1937లో స్థాపింపఁబడిన నిజాం చక్కెర కర్మాగారము వలన శక్కరునగరము వెలసెను. ఆ కర్మాగారము 2015లో మూఁతపడినది. కాని చెఱకునకుఁ బూర్వము పదునైదు నూఱులయేండ్లకుఁ బైఁబడి యీ యూరిపేరు గ్రంథముల కెక్కి యున్నది. బౌద్ధులు పేర్కొనిన పదునాఱు మహాజనపదములలో గోదావరీతీరమున నున్నది అశ్మక మొక్కటియే. దాని రాజధానిని వారు పోతలి యనియు, పోతన యనియు వ్రాసిరి. మహాభారతము దానిని పౌదన్య మనెను. వేములవాడ చాళుక్యుల ప్రశస్తులలో, ఆ వంశమునఁ బూర్వుఁడగు యుద్ధమల్లుఁడు పోదనమునఁ దైలముతో నింపిన దీర్ఘికయందు ఏనుఁగులకు స్నానము చేయించెనని యున్నది. ఈ నామములన్నియు బోధనమునకే చెందునని చరిత్రకారులలోఁ బెక్కురి యభిప్రాయము.

భారతమునందలి ప్రస్తావమును గొంచెము నిలిచి చూడవలసి యున్నది. ఆదిపర్వమున పౌదన్యమును నిర్మించినవాఁడు అశ్మకుఁ డను రాజర్షి. ఆతని తల్లి కల్మాషపాదుని భార్య. కల్మాషపాదుఁడో, శాపవశమున రాక్షసావేశమును బొంది, తన్ను శపించిన శక్తిని మొదటఁ దిని, పిదప వసిష్ఠుని తక్కిన కుమారుల నందఱను వరుసగా భక్షించినవాఁడు. వంతు వచ్చినవానిఁ దిను బకుని వంటివాఁడు కాక, ఇతఁడొక్క వంశమునే యేఱి పట్టినాఁడు. బకవధయు, కల్మాషపాదుని కథయు ఒక్క పర్వముననే యున్నవి. స్థానికులు మొదటిదానిని దమదిగాఁ జెప్పుకొని రెండవదానిని విడిచిపెట్టిరి. గ్రంథాధారమును బట్టి చూచినచో వారికి హక్కుగల నరమాంసభక్షకుఁడు రెండవవాఁడే.

ఇదే కల్మాషపాదుఁడు బౌద్ధుల మహాసుతసోమజాతకమునఁ గూడఁ గనఁబడును. అచ్చట నాతఁడు కాశీరాజు; పూర్వజన్మమున యక్షుఁడై నరమాంసమును దినియుండుటచే, ఒకనాఁడు వంటవాఁడు వేఱు మాంసము దొరకక వండిపెట్టిన నరమాంసము నోటఁ బడఁగానే పూర్వపు రుచి మేలుకొన్నది. ఆ జీవుఁడే బుద్ధునికాలమున అంగుళిమాలుఁడై పుట్టెనని జాతకము ముగియును. నాలుక జన్మమును దాఁటి జ్ఞాపకముంచుకొనుట యనునది భయంకరమైన కల్పనయే. అయినను అచ్చట దాఁటివచ్చినది ఆఁకలి మాత్రము. ఎవరిని దినవలెనను పట్టుదల కాదు. ఆ పట్టుదలను జూపినది జైనకథ.

తొమ్మిదవ శతాబ్దమున రాష్ట్రకూటుల రాజ్యమున నుండి గుణభద్రాచార్యుఁడు రచించిన ఉత్తరపురాణమున ఇరువది మూఁడవ తీర్థంకరుఁడగు పార్శ్వనాథుని పూర్వభవములు చెప్పఁబడినవి. సురమ్య దేశమునఁ బోదనపురము. దాని రాజు అరవిందుఁడు. ఆ యూర విశ్వభూతి యను బ్రాహ్మణుఁడు. ఆతని పెద్దకొడుకు కమఠుఁడు, చిన్నకొడుకు మరుభూతి. తమ్ముని భార్య వసుంధరియందు అన్నకుఁ జెడుచూపు కలిగెను. ఆమె నిమిత్తమై తమ్ముని జంపెను. గుణభద్రుఁడు సంగ్రహముగాఁ జెప్పి విడిచిన యీ ఘట్టమును దరువాతివారు పెంచిరి. వారి కథలో, నేరము బయటపడి కమఠుఁడు దేశమునుండి వెడలఁగొట్టఁబడెను. కొండపైఁ దపస్సు నటించుచు ఱాతిబండను జేతులపై నెత్తి నిలిచెను. అన్నకు శిక్ష పడినందులకు మనసు నొచ్చి మరుభూతి క్షమాపణము కోరుటకై పోయి పాదములపై వ్రాలఁగా, ఆ బండ యాతని తలపైఁ బడెను. ఈ పెంపు అనవసరమైనది కాదు. ఇందు వేఁటాడఁబడువాఁడు నిరపరాధి యగుటయే కాక, తానై వచ్చి వంగినవాఁడు.

మరుభూతి సల్లకీవనమున వజ్రఘోష మను ఏనుఁగై పుట్టెను. అరవిందరాజు సన్న్యసించి వర్తకుల బిడారుతోఁ గలిసి ఆ యడవిమీఁదుగాఁ బోవుచుండఁగా ఏనుఁగు మదించి మీఁదికి వచ్చి, ఆతని వక్షమునందలి శ్రీవత్సమును జూచి నిలిచిపోయెను, పూర్వజన్మస్మృతి కలిగెను, మునివలన వ్రతము గైకొనెను. నాఁటినుండి ఎండుటాకులు దినుచు, ఇతరగజములు కలఁచిన నీరే త్రాగుచుఁ జిక్కిపోయి, ఒకనాఁడు వేగవతీనదియొద్ద అడుసునఁ దిగఁబడి లేవలేకపోయెను. కమఠుఁ డప్పటికిఁ గుక్కుటసర్పమై యుండెను. అది వచ్చి కఱచెను.

ఆవలి కథ యీ క్రమమున నడచును. ఏనుఁగు సహస్రారస్వర్గమునకును, పాము నరకమునకును బోయినవి. తిరిగి వచ్చి ఒకఁడు రశ్మివేగుఁడను విద్యాధరుఁడై యౌవనముననే తపస్సునకుఁ గూర్చుండఁగా, రెండవవాఁడు కొండచిలువయై మ్రింగెను. పిమ్మట నొకఁడు వజ్రనాభి యను చక్రవర్తియై రాజ్యమును విడిచి యడవిలో నిలువఁగా, రెండవవాఁడు కురంగుఁడను భిల్లుఁడై చంపెను. మఱల నొకఁడు ఆనందుఁడను రాజై ముని కాఁగా, రెండవవాఁడు సింహమై పైఁబడెను. ప్రతిమాఱును మధ్య నొక స్వర్గము, ఒక నరకము. బండ, విషము, మ్రింగుట, బాణము, కోఱ, ఇవి వరుసగా వాని యాయుధములు. మనుష్యునిగాఁ బుట్టిన రెండుమాఱులు మాత్రమే వాఁడు చేతికి వస్తువును దీసికొనెను. తక్కినప్పుడు శరీరమే యాయుధము.

ఈ కథలోఁ గాలగణనము ఎంత జాగ్రత్తతో జరిగినదో చూడఁదగినది. వేఁటకాఁడును వేఁటయు వేర్వేఱు లోకములకుఁ బోయినప్పుడు, మఱల నిరువురు నొక్కకాలమున నొక్క యడవిలోఁ గలిసికొనుట యెట్లు? స్వర్గమున నొకఁడును, నరకమున నొకఁడును గడపు కాలములు సరిపోనిచో కథ తెగిపోవును. జైనశాస్త్రమున స్వర్గనరకముల యాయుర్దాయము సాగరోపమము లను మహామానముతోఁ గొలువఁబడును. రశ్మివేగుఁడు పోయిన అచ్యుతస్వర్గమునఁ బరమాయువు ఇరువదిరెండు సాగరోపమములు. కొండచిలువ పోయిన ఆఱవ నరకమునఁ బరమాయువు సరిగా ఇరువదిరెండే. వజ్రనాభి పోయిన మధ్యమ గ్రైవేయకముల యాయువు ఇరువదియాఱు మొదలు ఇరువదియెనిమిది వఱకు. కురంగుఁడు పోయిన ఏడవ నరకము ఇరువదిరెండు మొదలు ముప్పదిమూఁడు వఱకు గలది గనుక, ఆ కాలమంతయు దానిలో నిముడును. పుణ్యమునకుఁ దగిన స్వర్గము, పాపమునకుఁ దగిన నరకము అని శాస్త్రము చెప్పుచుండఁగా, పౌరాణికుఁడు లోలోపల రెండు గడియారములను సరిచూచుచునే యున్నాఁడు. బహుమానమును శిక్షయు నొక్కనాఁడే ముగియవలెను. అప్పుడే గదా సింహము వేళకు రాఁగలుగును.

ఇంతకంటెను గమనింపఁదగిన దొకటి గలదు. కమఠునికిఁ దాను వేఁటాడుచున్నట్లు తెలియదు. ఏనుఁగునకుఁ బూర్వజన్మము గుర్తునకు వచ్చెను, పామునకు రాలేదు. ఆ ప్రాణిని జూచినతోడనే కోపము పుట్టుటయే దానికిఁ దెలిసినది. కొండచిలువ, భిల్లుఁడు, సింహము, ఎవరికిని గారణము తెలియదు. ఎవరో యొక ముని యడవిలోఁ గన్నులు మూసికొని నిలిచియున్నాఁడు, చంపవలెనని తోఁచినది. వైరము తన వాహకుని జ్ఞాపకమును గూడ నపేక్షింపక ప్రయాణము చేయుచున్నది.

కుక్కుటసర్పమనఁగాఁ గోడితల గల పాము, లేక కోడివలె నెగురు పాము. ప్రకృతిలో లేని యీ జంతువునకుఁ బోదనపురముతో రెండవ సంబంధము గూడఁ గలదు. శ్రవణబెళగొళమునఁ బండ్రెండవ శతాబ్దిచివర బొప్పణపండితుఁడు వ్రాసిన కన్నడశాసనమున, భరతచక్రవర్తి పోదనపురమున ఐదువందల యిరువదియైదు ధనువుల యెత్తుగల బాహుబలి విగ్రహమును నిలిపెననియు, కాలక్రమమున దాని చుట్టును లెక్కకు మిక్కిలి కుక్కుటసర్పములు పుట్టి యెవరికిని దర్శనము లేకుండఁ జేసెననియు, అందుచేతనే దానికిఁ గుక్కుటేశ్వరుఁడను పేరు వచ్చెననియు నున్నది. చాముండరాయఁడు పోదనమునకుఁ బోఁదలఁచి, అది చేరరానిదని విని, బెళగొళముననే ప్రతిమను జెక్కించెనఁట. శ్వేతాంబరులు బాహుబలి పట్టణమును దక్షశిల యందురు గనుక ఆ పోదన మేదియను విషయమున వివాదము లేకపోలేదు. కాని రాష్ట్రకూటుల యేలుబడిలో వ్రాసిన గుణభద్రునికిని, ఆతని శ్రోతలకును పోదన మను పేరు పురాణముననే గాక తమ రాజ్యమునఁ గూడ వినవచ్చెడిదే. కాలమును దాఁటివచ్చు వేఁటకు మొదటి మెట్టు ఎక్కడనో మేరుపర్వతము క్రిందఁ గాక, బిడారులు పోవు బాటమీఁది యొక యూర నుండెను.

ఇదే మండలపు పరిసరమున ఇట్టిదే వేఱొక కథ గూడ గ్రంథస్థమైనది. వేములవాడ చాళుక్యుల యాశ్రయమున, గంగాధర మను ఊర, 959లో సోమదేవసూరి పూర్తిచేసిన యశస్తిలకచంపువునందు యశోధరరాజును ఆతని తల్లియుఁ బిండితోఁ జేసిన కోడిని బలియిచ్చిన పాపమునఁ బలుజన్మము లెత్తుదురు. కొడుకు నెమలియై పుట్టెను. తల్లి కుక్కయై పుట్టి ఆ నెమలిని జంపెను. ప్రేమతో నున్న తల్లియుఁ గొడుకును హింస్రజంతువులై యొకరి కొకరు మృత్యువగుటలో నున్న దుఃఖము కమఠుని కథలో లేదు. అచ్చట ద్వేషములేని వేఁట. ఇచ్చట ద్వేషమే వేఁట.

పాళిభాషలో ధమ్మపదవ్యాఖ్యయందుఁ గాళియను యక్షిణి కథ యున్నది. ఒకనికి ఇద్దఱు భార్యలు. గొడ్రాలు సవతి గర్భములను జెఱిచి ఆమె చావునకుఁ గారణమయ్యెను. చచ్చినది పిల్లియై, గొడ్రాలు కోడియై పుట్టఁగాఁ బిల్లి కోడి గ్రుడ్లను దినెను. కోడి చిఱుతయై, పిల్లి లేడియై పుట్టఁగాఁ జిఱుత లేడిపిల్లలను దినెను. లేడి యక్షిణియై, చిఱుత శ్రావస్తిలో నొక గృహిణియై పుట్టఁగా యక్షిణి యామె బిడ్డలను దినుచు వచ్చెను. ఇందు వేఁటకాఁడును వేఁటయు వంతులవారిగా మాఱుచున్నారు; ప్రతి మరణమునను బగ ప్రతిజ్ఞ వినఁబడుచున్నది. దీనితోఁ బోల్చి చూచినప్పుడే పోదనకథలోని విశేషము తెలియును. మరుభూతి యొక్కమాఱును బ్రతిజ్ఞ చేయలేదు. ఒక్కమాఱైన నాతఁడు కోపించి చచ్చి యుండినచో, మఱుసటి జన్మమున కమఠుఁడు లేడియు, మరుభూతి చిఱుతయు నయ్యెడివారు. ఆతఁ డూరకుండుటవలన హింసకుని పాత్ర కమఠునికే శాశ్వతమై, వాఁడు దానినుండి తప్పించుకొను దారి కానక క్రిందిక్రింది నరకములకు దిగెను. క్షమ చూపినవాఁడు పైకిఁ బోవుచుండఁగా క్షమింపఁబడినవాఁడు క్రిందికిఁ బోవుట న్యాయమేనా యని యడుగుటకుఁ జోటు లేకపోలేదు. పురాణకర్త లాప్రశ్నకు సమాధానమును గథాంతమున నుంచిరి.

పాశ్చాత్యులలోఁ గాలమును దాఁటి వేఁటాడు జంతువుల కల్పన యిటీవలిది. అమెరికా రచయిత ఫ్రాంక్ బెల్‌నాప్ లాంగ్ 1929లో వియర్డ్ టేల్స్ పత్రికయందుఁ బ్రకటించిన కథలో టిండలోస్ వేఁటకుక్కలు గలవు. ఒకఁ డొక మందు త్రాగి మనస్సుతో గతకాలమునకుఁ బోఁగా, సృష్ట్యాదియందున్న ఆ కుక్కలు వాని వాసన పట్టినవి. అవి మూలలగుండ మాత్రమే రాఁగలవు, వాఁడు గదిమూలలను సున్నపుగచ్చుతోఁ బూడ్చి గుండ్రము చేసికొనెను, ఫలింపలేదు. ఈ కుక్కలకును గమఠునికిని నున్న భేదము స్పష్టము. అచ్చట వేఁటయే కాలములోనికిఁ జొరఁబడి హింసకునిఁ దెచ్చుకొనెను. పాపమేమియుఁ జేయకున్నను గుతూహలమే చాలినది. కుక్క లెవరివియుఁ గావు. వానికిఁ బూర్వకథ లేదు. కమఠుఁడో, ఒకప్పుడు అన్న. చుట్టఱికము లేని హింసకునివలనఁ గలుగు భయ మొకటి, చుట్టఱికము గలవానివలనఁ గలుగు భయము వేఱొకటి. మన పౌరాణికులకు రెండవదే యెక్కువ తెలిసియుండెను.

కడపటి జన్మమున ఆ చుట్టఱికము తిరిగి వచ్చును. మరుభూతి కాశిలోఁ బార్శ్వుఁడై పుట్టెను. సింహముగా నుండినవాఁడు ఆతని తల్లికిఁ దండ్రియగు మహీపాలుఁడై పుట్టి, తాపసుఁడై పంచాగ్నిమధ్యమునఁ గూర్చుండెను. వాఁడు నఱకఁబోయిన మొద్దులోఁ బాముల జంట యున్నదని మనుమఁడు వారించెను; తాత వినలేదు; పాములు తెగెను. ఆ పాములే ధరణేంద్రుఁడును బద్మావతియు నయ్యెను. తాత కోపముతోఁ జచ్చి శంబరుఁడను జ్యోతిష్కదేవుఁ డయ్యెను. ఒకనాఁ డాకాశమునఁ బోవుచుండఁగా వాని విమానము కదలక నిలిచెను. ఏల నిలిచెనో యని విభంగజ్ఞానముతోఁ జూచినప్పుడు క్రింద ధ్యానమున నున్న పార్శ్వుఁడును, వానివెనుక సింహము, భిల్లుఁడు, కొండచిలువ, పాము, పోదనపురపు బండయు వరుసగాఁ గనఁబడెను. ఇన్ని జన్మములలో వానికిఁ దన వేఁట తెలిసివచ్చిన దిదియే మొదటిమాఱు. తెలిసిన పిమ్మట మానలేదు; ఏడుదినములు గాలివాన కురిపించి కొండలు విసరెను. నాఁడు మొద్దులోఁ దెగిన సర్పము పడగ పట్టెను. పద్మావతీదేవికి దిగంబరు లిచ్చిన వాహనము కుక్కుటసర్పమే యగుట శిల్పశాస్త్రమువారి చమత్కారము కాఁబోలు. చంపిన రూపము కాపాడు దేవికి వాహన మైనది.

గుణభద్రుని గురువగు జినసేనుఁడు, అమోఘవర్షుని కాలమువాఁడు, ఈ కడపటి ఘట్టమునే తీసికొని పార్శ్వాభ్యుదయమును రచించెను. కాళిదాసుని మేఘదూతమునందలి పాదములను సమస్యలుగాఁ బూరించుచు, ఒకటి రెండు పాదముల చొప్పున కావ్యమంతయు నందు నిమిడ్చెను. విరహియగు యక్షుని మాటలు హింసకుని నోట వినఁబడును. వాఁడు ముని నెదిరించి, చచ్చి మేఘమై యలకకుఁ బొమ్మనును. ఒక ప్రేమకావ్యము తెగకుండ బెదిరింపుగా మాఱుట సంస్కృతమున నరుదు. పాండిత్యప్రదర్శన మని దీనిని ద్రోసివేయువారు గలరుగాని, ఎదుటివానిని విడువలేని యవస్థ ప్రేమకును బగకును సమానమేయని జినసేనుఁడు గ్రహింపకపోయినచో ఈ పూరణము పది శ్లోకములు గూడ సాగెడిది కాదు.

పార్శ్వుఁడు చలింపక కేవలజ్ఞానమును బొందిన పిమ్మట శంబరుఁడు శాంతించి సమ్యక్త్వమును బొందెనని ఉత్తరపురాణము. క్రిందికి దిగినవానికి న్యాయ మేదియను ప్రశ్నకు సమాధాన మిదియే: వేఁట చచ్చుటచేఁ గాక వేఁటకాఁడు మానుటచే వేఁట ముగిసెను. ఎల్లోరా జైనగుహలలో నీ కథను జెక్కిన ఫలకములు పెక్కు గలవు. నడుమఁ బార్శ్వుఁడు కదలక నిలిచి యుండును. తలపై నేడు పడగలు. ప్రక్క గొడుగు పట్టిన పద్మావతి. చుట్టును సింహము నెక్కినవాఁడు, మహిషము నెక్కినవాఁడు, బండ నెత్తినవాఁడు, ఇట్లు దాడి చేయు భయంకరాకృతులు. పాదములయొద్ద నొక మూలఁ జేతులు జోడించి కూర్చున్నవాఁడును గమఠుఁడే.